బ్రేకప్ మెయిల్‌ని 107 మంది చేత చదివించింది!

ఫోన్‌లో ఒక మెసేజ్ వస్తుంది. చదువుతాం. ఇంకోసారి చదువుతాం. ఉన్నవి నాలుగు మామూలు మాటలే, అయినా బుర్రకెక్కవు. ‘ఇక చాలు’ అంటున్నారా, ‘కొన్నాళ్లు ఆగుదాం’ అంటున్నారా? అప్పుడు మనలో చాలామంది చేసే మొదటి పని స్క్రీన్‌షాట్ తీసి బెస్ట్ ఫ్రెండ్‌కి పంపడం. కింద ఒక్కటే ప్రశ్న: ‘దీని అర్థం ఏంటి?’

ఫ్రాన్స్‌కి చెందిన సోఫీ కాల్ కూడా అదే చేసింది. కాకపోతే ఒక్క ఫ్రెండ్‌తో ఆగలేదు. తనకి వచ్చిన బ్రేకప్ ఈమెయిల్‌ని 107 మందికి ఇచ్చింది. జడ్జికి, పోలీసు అధికారికి, ప్రూఫ్ రీడర్‌కి, చదరంగం క్రీడాకారిణికి, గాయనికి, నటికి, డాన్సర్‌కి... అందరూ ఆడవాళ్లే. ‘మీ వృత్తి ఏదో ఆ కళ్లతోనే దీన్ని చదివి పెట్టండి’ అని అడిగింది. వాళ్లు చదివినవన్నీ కలిపి 2007లో వెనిస్ బినాలేలో ఫ్రాన్స్ పెవిలియన్ నిండా పెట్టింది. వెనిస్ బినాలే అంటే ఆర్ట్ ప్రపంచానికి ఒలింపిక్స్ లాంటిదన్నమాట. దేశాలు తమ తరఫున ఆర్టిస్టుల్ని పంపుతాయి. ఆ ఏడాది ఫ్రాన్స్ తరఫున వెళ్లింది సోఫీ, సోఫీతోపాటు ఆ ఈమెయిల్.

మోడర్న్ ఆర్ట్ అనగానే ‘మనకెందుకులే’ అనుకునేవాళ్లు కూడా సోఫీ కాల్ కథల దగ్గర ఆగిపోతారు. ఎందుకంటే ఆమె వాడే సామాన్లన్నీ మనకి తెలిసినవే. ఫోను, అడ్రస్ బుక్, హోటల్ రూము, బ్రేకప్, అమ్మ. వీటితోనే నలభై ఏళ్లకి పైగా పెర్ఫార్మెన్స్, ఫొటో, వీడియో, ఇన్‌స్టలేషన్ కలిపి పని చేస్తోంది. ఆ పని అంతటా ఒక ప్రశ్న తిరుగుతూ ఉంటుంది. ఇద్దరి మధ్య జరిగింది మూడో మనిషికి చెప్పే హక్కు ఎవరిది? రోజుకి పది స్క్రీన్‌షాట్లు అటూ ఇటూ పంపుకునే మనకి ఆ ప్రశ్న చాలా దగ్గరిది.

‘మీరు’ అన్న మాట

ముందు ఆ ఈమెయిల్ సంగతి చూద్దాం. అందులో చివరి వాక్యం ‘ప్రెనే స్వా ద వూ’. ప్రదర్శనకి పేరు కూడా అదే. ఇంగ్లిష్‌లో ‘టేక్ కేర్ ఆఫ్ యువర్‌సెల్ఫ్’ అన్నారు. ఫ్రెంచిలో మనకి లాగే ‘నువ్వు’కి ఒక మాట, ‘మీరు’కి ఒక మాట ఉన్నాయి. అతను వాడింది ‘మీరు’. అంటే ‘మీరు జాగ్రత్తగా ఉండండి’ అని. ఇంగ్లిష్‌లోకి వెళ్లగానే ఆ తేడా మాయమైపోతుంది. ప్రేమించిన మనిషి ‘మీరు’ అంటూ సెలవు తీసుకుంటే ఎలా ఉంటుందో తెలుగువాళ్లకి విడమర్చి చెప్పక్కర్లేదు.

ఆ మాటనే సోఫీ పట్టుకుంది. జాగ్రత్తగా ఉండమన్నావుగా, ఇదిగో ఇలా ఉంటాను అన్నట్టు పనిలో దిగింది.

ప్రదర్శనలో ఏం ఉన్నాయంటే... ఒకావిడ ఆ ఉత్తరాన్ని వ్యాకరణం ప్రకారం విడగొట్టింది. ఒకావిడ చట్టం కోణంలో చూసింది. ప్రముఖ నటి జాన్ మోరో కెమెరా ముందు కూర్చుని చదివింది. సంగీతకారిణి లారీ ఆండర్సన్, గాయని ఫీస్ట్ కూడా ఆ 107 మందిలో ఉన్నారు. ఒక భరతనాట్య కళాకారిణి అభినయంతో చెప్పింది. తుపాకీ గురి చూసి కాల్చే ఒకావిడ కాగితం మీదున్న ‘ప్రేమ’ అనే మాటలకి గురిపెట్టి కాల్చింది. సోఫీ వాళ్లమ్మ కూడా ఒక జవాబు రాసింది. చివరికి ఒక చిలుక ఆ ఉత్తరాన్ని ముక్కుతో చింపి నమిలేసింది. 107లో ఆ చిలుక కూడా లెక్కే!

ప్రతీకారం అనిపిస్తోందా? చాలామందికి అలాగే అనిపించింది. కానీ ఆ గదుల్లో తిరిగేకొద్దీ అతను చిన్నబోతాడు, ఉత్తరమే పెద్దదవుతుంది. మొదట ఒక మనిషి చేసిన గాయంగా కనిపించింది కాసేపటికి వాక్యాల కట్టుగా కనిపిస్తుంది. ఇక్కడ అబద్ధమాడాడు, ఇక్కడ జారుకున్నాడు, ఇక్కడ తనని తానే పొగుడుకున్నాడు అని. ఒంటరిగా చదివితే గుచ్చుకునే మాటలు 107 గొంతుల్లో వింటే అరిగిపోతాయి. అతని పేరు మాత్రం సోఫీ ప్రదర్శనలో పెట్టలేదు. ఈ సంగతి గుర్తుంచుకోండి, మళ్లీ అవసరం పడుతుంది.

దారిన పోయేవాళ్ల వెంట

ఇలాంటి పనికి ఆమె ఎలా వచ్చిందో చూడాలంటే ముప్ఫై ఏళ్లు వెనక్కి వెళ్లాలి. సోఫీ 1953లో పారిస్‌లో పుట్టింది. నాన్న క్యాన్సర్ డాక్టరు, కళాఖండాలు సేకరించే అలవాటున్న మనిషి. చదువు పక్కన పెట్టి ఏడేళ్లపాటు దేశాలు తిరిగింది. తిరిగొచ్చేసరికి సొంత ఊళ్లోనే ఎవరూ తెలియనట్టు అనిపించింది. ఏం చేయాలో, ఎటు పోవాలో తోచలేదు. అందుకని వీధిలో ఎవరో ఒకరి వెనక నడవడం మొదలుపెట్టింది. వాళ్లెటు వెళ్తే అటు. కనీసం వాళ్లకైనా ఒక గమ్యం ఉంటుంది కదా అని.

1979 ఏప్రిల్‌లో ఇంకో ఆలోచన వచ్చింది. తన మంచం ఎనిమిది రోజులపాటు ఒక్క గంట కూడా ఖాళీగా ఉండకూడదు. తెలిసినవాళ్లని, తెలియనివాళ్లని పిలిచి ఒక్కొక్కరిని ఎనిమిదేసి గంటలు పడుకోమంది. ఇరవై మందికి పైగానే వచ్చారు. వాళ్లకి తిండి పెట్టింది, దుప్పట్లు ఇచ్చింది, మాట్లాడింది, నిద్రపోతుంటే గంట గంటకీ ఫొటో తీసింది. వచ్చినవాళ్లలో ఒకావిడ ఇంటికెళ్లి భర్తకి ఈ వింత చెప్పింది. ఆయన ఆర్ట్ క్రిటిక్. వచ్చి ఫొటోలు చూసి, యువ కళాకారుల బినాలేలో పెట్టమన్నాడు. తాను ఆర్టిస్టునని సోఫీకి తెలిసింది అలాగట!

కోడ్ రాసే పనిలో ఉన్నాను కాబట్టేమో, నాకు ఆమె పనిలో మొదట నచ్చింది ఇదే. మూడ్ కోసం ఎదురుచూడదు. ఒక రూల్ రాసుకుంటుంది. ఎనిమిది రోజులు, ఎనిమిది గంటలు, గంటకో ఫొటో. ఆ తర్వాత రూల్ ఎక్కడికి తీసుకెళ్తే అక్కడికి వెళ్తుంది. ఇన్‌పుట్ ఎవరి చేతిలోనూ లేదు, అవుట్‌పుట్ ముందే తెలియదు. ప్రోగ్రామ్‌తో ఒక్కటే తేడా. ఇక్కడ రన్ అయ్యేది మనుషులు.

అసలు చిక్కు కూడా అక్కడే ఉంది.

వెనిస్‌లో విగ్గు పెట్టుకుని

పారిస్ వీధిలో ఒకరోజు సోఫీ ఒక మనిషిని కాసేపు ఫాలో అయి వదిలేసింది. అదే రోజు సాయంత్రం ఒక పార్టీలో అనుకోకుండా అతన్నే ఆమెకి పరిచయం చేశారు. త్వరలో వెనిస్ వెళ్తున్నానని అతను మాటల్లో చెప్పాడు. అంతే! సోఫీ కూడా బయల్దేరింది. పొట్టి బంగారు రంగు విగ్గు, టోపీ, నల్ల కళ్లద్దాలు. కెమెరాకి అద్దాలున్న ప్రత్యేక లెన్స్ తగిలించుకుంది. దాంతో ఒకవైపు చూస్తున్నట్టు నిలబడి పక్కవైపు ఫొటో తీయొచ్చు. వెనిస్‌లోని హోటళ్లకి వరసగా ఫోన్లు చేసి అతను దిగిన చోటు కనిపెట్టింది. ఇరుకు సందుల్లో రోజుల తరబడి వెంటాడింది. చివరికి అతను ఆమె కళ్లని గుర్తుపట్టాడు. ‘స్వీట్ వెనిసియెన్’ అనే ఈ పని 1983లో పుస్తకంగా వచ్చింది. వెనక మాట రాసింది ప్రసిద్ధ తత్వవేత్త జాఁ బోద్రియా.

1981 ఫిబ్రవరిలో మళ్లీ వెనిస్. ఈసారి ఒక హోటల్లో మూడు వారాలకి రూములు శుభ్రం చేసే పనిమనిషిగా చేరింది. నాలుగో అంతస్తులో పన్నెండు గదులు ఆమె వంతు. గెస్టులు బయటికి వెళ్లగానే పక్కలు సర్దుతూ సూట్‌కేసులు తెరిచి చూసింది. డైరీలు, ఉత్తరాలు చదివింది. చెత్తబుట్టలో ఏముందో రాసుకుంది. ఫొటోలు తీసింది.

ఇప్పుడు ఇవి చదువుతుంటే ఒళ్లు జలదరిస్తుంది. మామూలుగా చూస్తే దీన్ని వెంటపడటం అంటారు, దొంగచాటుగా చూడటం అంటారు. ఇదే పని ఒక మగవాడు ఒక అమ్మాయి విషయంలో చేసి ‘ఆర్ట్’ అంటే ఊరుకుంటామా? ఊరుకోం. ఊరుకోకూడదు కూడా. నాకు ఈ పనులు అందంగా అనిపించవు. కానీ వీటిలో నిజాయితీగా ఉన్నది ఒకటుంది. ఆమె ఏదీ దాచలేదు. ఎవరి సూట్‌కేస్ తెరిచిందో కాదు గానీ, తెరిచానని చెప్పింది. మన ఫోన్లలో యాప్‌లు అంతమాత్రం కూడా చెప్పవు. చెప్పినా ఎవరూ చదవని యాభై పేజీల షరతుల్లో చెప్తాయి.

ఈసారి వెంటాడేది నన్ను

అదే ఏడాది ఏప్రిల్‌లో సోఫీ ఆటని తిరగేసింది. వాళ్లమ్మని ఒక ప్రైవేట్ డిటెక్టివ్ ఏజెన్సీకి పంపి, తన మీదే నిఘా పెట్టించింది. డిటెక్టివ్‌కి ఈ సంగతి తెలియదు. ఒక రోజంతా అతను సోఫీ వెనక తిరిగి, ఎన్ని గంటలకి ఎక్కడుందో రిపోర్ట్ రాశాడు, ఫొటోలు తీశాడు. అదే రోజు సోఫీ కూడా తన డైరీ రాసుకుంది. చివరికి రెండూ పక్కపక్కనే గోడమీద పెట్టింది.

డిటెక్టివ్ రిపోర్ట్ మా భాషలో చెప్పాలంటే లాగ్ ఫైల్. ఫలానా టైమ్‌కి ఇల్లు వదిలింది, ఫలానా టైమ్‌కి మ్యూజియంలోకి వెళ్లింది, ఒక బొమ్మ ముందు కూర్చుంది. తప్పేం లేదు, అన్నీ నిజాలే. డైరీలో మాత్రం వేరే మనిషి కనిపిస్తుంది. వెనక వస్తున్న ఆ తెలియని వాడికి తనకిష్టమైన వీధులు చూపించాలని ఆమె కావాలనే ఆ దారుల్లో నడిచింది. అతనికి బోర్ కొట్టకూడదని తాపత్రయపడింది. ఇదేదీ రిపోర్ట్‌లో లేదు. ఉండటానికి వీల్లేదు కూడా.

మీ ఫోన్‌లో లొకేషన్ హిస్టరీ ఎప్పుడైనా తెరిచి చూశారా? గత ఏడాది ఏ శనివారం ఎక్కడున్నారో నిమిషాలతో సహా ఉంటుంది. ఆ కాఫీ షాపులో రెండు గంటలు ఎందుకు కూర్చున్నారో మాత్రం ఉండదు. ఎవరి కోసం ఎదురుచూశారో, వాళ్లు రాలేదో, వచ్చి వెళ్లిపోయారో ఉండదు. డేటా అంటే మనకి తెలిసిన మనిషి గురించి తెలియని మనిషి రాసిన రిపోర్ట్. స్మార్ట్‌ఫోన్ పుట్టకముందే 1981లో సోఫీ ఈ రెండింటినీ ఒకే గోడకి తగిలించింది.

అడ్రస్ బుక్ గొడవ

ఆ తర్వాత జరిగింది ఆమె చరిత్రలో పెద్ద వివాదం. 1983లో పారిస్ వీధిలో సోఫీకి ఒక అడ్రస్ బుక్ దొరికింది. అందులో సొంతదారు పేరు, చిరునామా ఉన్నాయి. మనమైతే ఏం చేస్తాం? తిరిగి పంపిస్తాం. ఆమె కూడా పంపించింది. కానీ ముందు పేజీలన్నీ ఫొటోకాపీ తీసుకుంది. తర్వాత అందులో ఉన్న నంబర్లకి ఒక్కొక్కటిగా ఫోన్ చేసి, వాళ్లని కలిసి, ‘ఈ మనిషి ఎలాంటివాడు?’ అని అడిగింది. వాళ్లు చెప్పినవి ‘లిబెరాసియోన్’ దినపత్రికలో ఆ ఆగస్టు, సెప్టెంబర్‌లలో సీరియల్‌లా వచ్చాయి. 28 భాగాలు. పత్రికలో అతన్ని ‘పియేర్ డి’ అని మాత్రమే అన్నారు.

అతను ఆ రోజుల్లో దూరదేశంలో ఉన్నాడు. తిరిగొచ్చేసరికి తన జుట్టు, తన గది, తన అలవాట్లు, తన ఒంటరితనం అన్నీ పేపర్లో వచ్చేసి ఉన్నాయి. పూర్తి పేరు లేకపోతే ఏం? తెలిసినవాళ్లకి తెలియదా? మండిపడ్డాడు. కేసు వేస్తానన్నాడు. ఫ్రాన్స్ సివిల్ కోడ్‌లో 9వ అధికరణం ప్రకారం ప్రతి ఒక్కరికీ తమ సొంత జీవితానికి గౌరవం పొందే హక్కుంది. 1970లో చేర్చిన నిబంధన అది. సోఫీ నగ్న చిత్రం ఒకటి సంపాదించి, దాన్ని వేయమని అదే పత్రికని డిమాండ్ చేశాడు. నన్ను బయటపెట్టావు, ఇప్పుడు నీ వంతు అన్నమాట. చివరికి అతను బతికుండగా ఆ పనిని మళ్లీ ప్రచురించనని సోఫీ ఒప్పుకుంది. ఇంగ్లిష్‌లో అది పుస్తకంగా వచ్చింది 2012లో, అతను పోయాక.

ఇది చదివాక మన ఫోన్‌బుక్ గుర్తు రాకుండా ఉండదు. కొత్త యాప్ వేసుకోగానే ‘కాంటాక్ట్స్ చూడొచ్చా?’ అని అడుగుతుంది. మనం ‘అలవ్’ నొక్కేస్తాం. ఆ లిస్టులో ఉన్న ఐదారు వందల మందిని మనం అడిగామా? వాళ్ల నంబర్లని ఇచ్చే హక్కు మనకి ఎక్కడిది? పియేర్ డి కోపం నాకు సమంజసంగానే కనిపిస్తుంది. అతని స్నేహితులు చెడుగా ఏం చెప్పలేదు, చాలామంది ప్రేమగానే మాట్లాడారు. అయినా మనగురించి మనం లేనప్పుడు చెప్పుకున్న మంచి కూడా ఊరంతా టాంటాం అయితే గుచ్చుకుంటుంది.

ఢిల్లీలో రూమ్ నంబర్ 261

సోఫీ కథలో మన దేశం కూడా ఉంది. అదీ ఆమె జీవితంలో చాలా చెడ్డ రాత్రిగా.

1984లో ఆమెకి జపాన్‌లో మూడు నెలలు ఉండటానికి స్కాలర్‌షిప్ వచ్చింది. అప్పటికి ఆమె ప్రేమలో ఉంది. అన్నాళ్లు దూరంగా ఉంటే నేను ఆగలేనేమోనని అతను ముందే అన్నాడు. అయినా వెళ్లింది. తిరుగు ప్రయాణంలో ఇద్దరూ ఢిల్లీలో కలుసుకోవాలని మాట. ఆమె వచ్చింది, అతను రాలేదు. ప్రమాదం జరిగింది, హాస్పిటల్లో ఉన్నాడు అని కబురు మాత్రం వచ్చింది. జన్‌పథ్‌లోని ఇంపీరియల్ హోటల్, రూమ్ నంబర్ 261. గంటల తరబడి పారిస్‌కి ఫోన్ ప్రయత్నించింది. ఎట్టకేలకు లైన్ కలిసింది. అతనికైన ప్రమాదం ఏంటంటే వేలికి చీము పట్టింది! అసలు సంగతి వేరే. ఇంకో అమ్మాయి పరిచయమైంది. అప్పుడు టైమ్ రాత్రి రెండు, తేదీ 1985 జనవరి 25. ఆ ఊరు రిపబ్లిక్ డేకి ముస్తాబవుతున్న వేళ, ఒక హోటల్ మంచం మీద ఎర్ర టెలిఫోన్‌ని చూస్తూ ఆమె తెల్లవార్లూ కూర్చుంది.

పారిస్ వెళ్లాక ఒక పని పెట్టుకుంది. కలిసిన ప్రతి ఒక్కరికీ ఈ కథ చెప్పడం, బదులుగా ‘మీ జీవితంలో అన్నిటికంటే ఎక్కువ బాధపడిన రోజు ఏది?’ అని అడగడం. తన కథ చెప్పి చెప్పి తనకే విసుగొచ్చేదాకా, లేదా ఎదుటివాళ్ల బాధ ముందు తనది చిన్నగా అనిపించేదాకా. మూడు నెలల్లో నయమైంది. మళ్లీ తిరగబెడుతుందేమోనని భయపడి దాన్ని పక్కన పెట్టేసింది. పదిహేనేళ్ల తర్వాత గానీ బయటికి తీయలేదు. పేరు ‘దులర్ ఎక్స్‌కీజ్’. ఇంగ్లిష్‌లో ‘ఎక్స్‌క్విజిట్ పెయిన్’. సరిగ్గా ఒక చోట పొడిచినట్టు ఉండే నొప్పికి డాక్టర్లు వాడే మాట అది.

ఆ ఇన్‌స్టలేషన్‌లో ఒక భాగం జపాన్ ప్రయాణం ఫొటోలు. ప్రతి దాని మీదా ఎర్ర ముద్ర... దుఃఖానికి ఇంకా 92 రోజులు, 91 రోజులు, 90... తీసినప్పుడు అవి మామూలు టూరిస్ట్ ఫొటోలే. జరగబోయేది తెలిశాక ప్రతి నవ్వు మీదా ముద్ర పడింది. ఇంకో భాగంలో గుడ్డ మీద దారంతో కుట్టిన మాటలు. ఒక పక్క సోఫీ కథ, పైన ఎర్ర ఫోన్ బొమ్మ. రెండో పక్క ఇంకెవరిదో బాధ. చావులు, విడిపోవడాలు, చిన్నప్పటి గాయాలు. ముందుకి నడిచేకొద్దీ సోఫీ కథ పొట్టిదవుతుంది, దారం రంగు గుడ్డ రంగులో కలిసిపోతుంది. చివరికి చదవడానికి కూడా కనిపించదు.

మన ఇళ్లలో ఎవరైనా పోయినప్పుడు పరామర్శకి వచ్చిన ప్రతి మనిషికీ కథ మొదటినుంచీ చెప్తారు. పొద్దున్న కాఫీ తాగారు, పేపర్ చదివారు, ఉన్నట్టుండి ఆయాసం అన్నారు... వచ్చినవాళ్లు వింటారు, తర్వాత తమ ఇంట్లో పోయినవాళ్ల గురించి చెప్తారు. మొదటిరోజు గంటసేపు చెప్పిన కథ పదకొండో రోజుకి నాలుగు మాటలవుతుంది. ఈ పద్ధతిని ఎవరూ మందు అనరు, కానీ పనిచేసేది అదే. సోఫీ చేసింది అచ్చం అదే. ఆమె దాన్ని గోడమీద పెట్టింది, అంతే తేడా.

ఇక్కడే ఇంకో మార్పు చూడండి. హోటల్లో సూట్‌కేసులు తెరిచిన మనిషి, ఇప్పుడు ముందు తన పెట్టె తెరిచి చూపించి, ఆ తర్వాత ‘మీది చూపిస్తారా?’ అని అడుగుతోంది.

అడిగి చూడటం

ఆ అడగటం తర్వాతి పనుల్లో మరీ స్పష్టంగా కనిపిస్తుంది. 1986లో ‘లెజవగ్ల్’ అనే పని కోసం పుట్టుకతోనే చూపులేని వాళ్లని కలిసి, ‘మీకు అందం అంటే ఏంటి?’ అని అడిగింది. వాళ్ల ఫొటో, వాళ్లు చెప్పిన మాట, వాళ్లు చెప్పినదాని ఫొటో, మూడూ పక్కపక్కన పెట్టింది. ఒకరు సముద్రం అన్నారు. చూపు ఆగిపోయేంత దూరం పోయే సముద్రం అట!

పాతికేళ్ల తర్వాత, 2011లో ఇస్తాంబుల్‌లో ఆ సముద్రాన్నే వీడియోలో పట్టుకుంది. చుట్టూ సముద్రం ఉన్న ఆ నగరంలోనే బతుకుతూ, పేదరికం వల్ల ఎప్పుడూ సముద్రం చూడనివాళ్లు ఉన్నారు. అలాంటి వాళ్లని ఒడ్డుకి తీసుకెళ్లింది. ఒడ్డుకి చేరేదాకా కళ్లు మూసి ఉంచింది. కెమెరా మాత్రం వాళ్ల వెనక పెట్టింది. వాళ్లు ఎంతసేపు కావాలంటే అంతసేపు సముద్రాన్ని చూస్తారు. మనకి కనిపించేది వీపు, గాలికి ఎగిరే జుట్టు, బట్టలు. వాళ్లకి చాలనిపించాకే వెనక్కి తిరిగి కెమెరా వైపు చూస్తారు. ఇలాంటివి పద్నాలుగు చిన్న వీడియోలు.

ఇదే మన రీల్స్‌లో అయితే? ‘మొదటిసారి సముద్రం చూసిన అమ్మమ్మ రియాక్షన్’ అని పెట్టి, కెమెరా మొహం మీదే పెడతాం. ఏడుపు మొదలవగానే జూమ్ చేసి, బ్యాక్‌గ్రౌండ్‌లో ఒక సెంటిమెంట్ పాట కలుపుతాం. సోఫీ ఆ మొదటి చూపుని మనకి ఇవ్వలేదు. అది చూసినవాళ్లదే. మనకి దక్కింది ఆ తర్వాత మిగిలినది. ఒకప్పుడు దొంగచాటుగా చూసిన మనిషే, ఎక్కడ చూడకూడదో నేర్చుకున్నాక తీసిన వీడియోలివి. నా వరకు ఆమె పనిలో అన్నిటికంటే గొప్పవి ఇవే.

అమ్మ చివరి రోజులు

వెనిస్ బినాలేకి పిలుపొచ్చిన రోజే వాళ్లమ్మకి ఇక నెల రోజులే టైమ్ అని కూడా సోఫీకి తెలిసింది. ఆ సంగతి విని వాళ్లమ్మ మోనీక్ బాధపడింది, అప్పటికి నేనుండనే అని. ఆమె 2006లో పోయింది. చివరి రోజుల్లో మంచం పక్కన సోఫీ కెమెరా పెట్టింది. తను గదిలో లేని క్షణంలో అమ్మ ఏదైనా ఆఖరి మాట చెప్తే పోతుందేమోనని భయం. కెమెరా చూసి వాళ్లమ్మ ‘హమ్మయ్య, ఇన్నాళ్లకి!’ అన్నట్టు సంబరపడిందట. ఎప్పుడూ ఎవరెవరి మీదనో తీస్తుంది, నా మీద ఎప్పుడు తీస్తుందా అని ఆవిడకి.

2007లో వెనిస్‌లోనే, బ్రేకప్ మెయిల్ ప్రదర్శనకి దూరంగా మరో చోట, ఆ వీడియో కూడా చూపించారు. ప్రాణం ఎప్పుడు పోయిందో అందులో కనిపించదు. పక్కనున్నవాళ్లు నాడి చూస్తారు, ఊపిరి చూస్తారు, తేల్చుకోలేకపోతారు. పనికి పెట్టిన పేరు కూడా అదే అర్థంలో ఉంది... చావుని పట్టుకోలేకపోయాను అని. అన్నీ రికార్డ్ చేయొచ్చు అనుకున్న మనిషికి కెమెరా చెప్పిన జవాబది. ‘అక్కడ నేనుండనే’ అన్న తల్లి మాత్రం చివరికి వెనిస్‌కి వచ్చేసింది.

మరి ఆ మెయిల్ ఎవరిది?

మళ్లీ మొదటి ప్రశ్నకి వద్దాం. 107 మంది చదివిన ఆ ఉత్తరం ఎవరి సొత్తు? రాసినవాడిదా, అందుకున్నదానిదా?

నాకు తోచింది చెప్తాను. బాధ ఆమెది. దాన్ని చెప్పుకునే హక్కు కూడా ఆమెదే. ‘నాకు ఇలా జరిగింది’ అని చెప్పడానికి ఎదుటివాళ్ల అనుమతి అక్కర్లేదు. అలా అనుమతి కావాలంటే అన్యాయం జరిగినవాళ్లెవరూ నోరు తెరవలేరు. కానీ చెప్పే తీరులో తేడా ఉంది. అడ్రస్ బుక్ పనిలో సోఫీ పోగొట్టుకోవడానికి ఏమీ లేదు, పోయిందంతా పియేర్ డిది. ఈమెయిల్ పనిలో ముందు బయటపడింది సోఫీనే. వదిలేయబడిన మనిషిగా, ఏం చేయాలో తెలియని మనిషిగా ప్రపంచం ముందు నిలబడింది. అతని పేరు గోడమీద పెట్టలేదు. గుంపుని అతని మీదకి ఉసిగొల్పలేదు. అతని మాటల్నే చదవమంది.

స్క్రీన్‌షాట్ పంపేముందు మనం వేసుకోదగ్గ ప్రశ్న ఇదేననిపిస్తుంది. ఇందులో నేను ఎంత బయటపడుతున్నాను, ఎదుటివాళ్లని ఎంత బయటపెడుతున్నాను? నా గాయం చూపిస్తున్నానా, వాళ్ల నంబర్ చూపిస్తున్నానా?

సోఫీ 2017లో న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌లో గ్రీన్‌వుడ్ శ్మశానంలో తెల్ల పాలరాతి స్తంభం ఒకటి నిలబెట్టించింది. దానికి ఉత్తరాల డబ్బాకి ఉన్నట్టు ఒక సన్నటి చీలిక. ఎవరైనా సరే తమ రహస్యాన్ని కాగితం మీద రాసి అందులో వేయొచ్చు. లోపల గొయ్యి ఉంది. నిండినప్పుడల్లా వచ్చి ఆ కాగితాల్ని కాల్చేస్తుంది. ఎవరూ చదవరు. 25 ఏళ్లు అది అలాగే ఉంటుంది. అంటే 2042 దాకా.

ఒకప్పుడు మూడు వారాలు ఊరివాళ్ల సూట్‌కేసులు తెరిచి చదివిన మనిషి, ఇప్పుడు చేతికొచ్చిన రహస్యాల్ని విప్పకుండానే నిప్పులో వేస్తోంది.